ఉత్తుత్తి చావు కబురు

పెట్టెలో పడుకోనంటే పడుకోనన్నాడు లచ్చన్న.

అంతవరకూ సినిమా తీసే ఆ తుర్కీ అమ్మ ఏది చెబితే అది చేసిన మనిషి. ఇటుకలు మొయ్యమంటే మోశాడు. బస్సు కిటికీకి తలానించి నిద్రపోతున్నట్టు ఉండమంటే నిజంగానే గుర్రుపెట్టాడు. కెమెరా ఉందన్న బిడియం అతనికి లేదు. అతనుండే లేబర్ క్యాంపులో కుర్రవాళ్లందరూ తల దువ్వుకుని వరస కట్టిన రోజున, ఆమె వాళ్లను దాటుకుంటూ పోయి, మూల కూర్చుని చెప్పుల్లో ఇసుక దులుపుకుంటున్న ఈ తాపీమేస్త్రీని ఏరుకున్నది కూడా అందుకే. ఇప్పుడు సినిమా అంతా అయిపోయి ఒక్క సీను మిగిలాక, గట్టెక్కబోతూ మోకాళ్లు వేసిన ఎద్దులా మొరాయించాడు.

మనామా ఊరు దాటి, అవాలికి అవతల ఎడారిలో ఎవరూ ఉండని పాత లేబర్ క్యాంపు ఒకటుంటే, షూటింగుకని దాన్ని అడిగి తీసుకున్నారు. దాని వాకిట్లో రేకుల నీడన రెండు స్టాండ్ల మీద పెట్టె ఉంది. కొత్త చెక్క, ఇంకా బంక వాసన పోలేదు. సినిమాలో లచ్చన్న పని చేస్తూ చేస్తూ గుండె ఆగి చనిపోతాడు. విమానం ఎక్కించే ముందు పెట్టెలో ఉన్న అతని ముఖాన్ని కెమెరా చాలాసేపు చూస్తూ ఉంటుంది. మాటలుండవు, పాటలుండవు. అక్కడితో సినిమా అయిపోతుంది.

"పాషా భాయ్, ఆమెకు చెప్పు," అన్నాడు లచ్చన్న. "ఇంకో బిల్డింగు ఎక్కుమంటే ఎక్కుత. నడి ఎండల నిలవడుమంటే నిలవడుత. బతికున్నోన్ని పెట్టెల పండుమంటే మాత్రం నాతోని గాదు. మా ఊరికి పెట్టెల వచ్చినోడు ఎవ్వడన్న లేసి చాయ తాగిండా?"

మహబూబ్ పాషాది బోధన్. మనామాలో కారు నడుపుతాడు. సినిమావాళ్లు అతని కారు మాట్లాడుకున్నారు గానీ, కారుకంటే అతని నోరే వాళ్లకు ఎక్కువ పనికొచ్చింది. తెలుగు వాడకట్టులో వచ్చింది, ఉర్దూ ఇంట్లోది, ఇంగ్లీషు ఎయిర్‌పోర్టు దారిలో ఒక్కో ముక్కా ఏరుకున్నది. ఆమె ఇంగ్లీషు కూడా అంతంతే. ఇద్దరివీ కుంటి ఇంగ్లీషులే కాబట్టి ఒకదాన్నొకటి ఆనుకుని బాగానే నడిచేవి.

ఆమె పేరు మెలాహత్. డెబ్బైకి దగ్గర పడ్డ మనిషి. పొట్టి తెల్ల జుట్టు, మగవాళ్ల చొక్కా, జేబులో ఎప్పుడూ పొద్దుతిరుగుడు గింజలు. ఆ పేరు నోరు తిరగక మనవాళ్లు తుర్కీ అమ్మ అనేశారు. మొదటిరోజే లచ్చన్న పాషా డొక్కలో పొడిచి, "తుర్కోళ్ల అసలు దేశమంట గదా! మీ మేనత్త వచ్చింది పో, కాళ్లకు నీళ్లియ్యి," అన్నాడు. పాషా ఏమీ తక్కువ తినలేదు. "మా అత్తే గని, కొలువు మాత్రం నీకిచ్చింది. ఇంటల్లుడు ఎవడో చూసుకో," అన్నాడు.

మొండికేసిన మనిషిని చూసి ఆమె కేకలెయ్యలేదు. "కోపమా, భయమా అడుగు," అంది పాషాతో.

"భయమే మేడం."

"కోపమైతే మాట్లాడేదాన్ని. భయమైతే ఆగాలి," అని కుర్చీలో కూర్చుని గింజలు నమలడం మొదలుపెట్టింది. కానీ ఆమె ఆగినా, క్యాంపు వాడుకోవడానికి ఇచ్చిన గడువు ఆగదు. అది మర్నాటి పొద్దుగూకేదాకానే.

ఆ సాయంత్రం మనామాకు వెనక్కి పోతూ కారులో ఆమె కిటికీలోంచి బయటికే చూస్తూ కూర్చుంది. ఇన్నాళ్లూ ఆ దారి పొడుగునా తన సంగతులు చెబుతూనే ఉండేది. ఆమె తండ్రి బొగ్గుగనిలో పనిచేసి, తర్వాత జర్మనీలో ఫ్యాక్టరీ పనికి పోయినవాడు. "మీకు దుబాయి ఎట్లాగో మాకు జర్మనీ అట్లాగ," అనేది. చదువయ్యాక అందరూ ప్రేమకథలు తీస్తుంటే, ఆమె గని కూలిన ఊళ్లో ఆడవాళ్ల మీద మొదటి సినిమా తీసింది. తర్వాత తేయాకు కోసేవాళ్ల మీద ఒకటి. ఇస్తాంబుల్‌లో పెద్దింట్లో పాచిపని చేసే పిల్ల మీద తీసిన సినిమా కొన్నేళ్లపాటు హాలు ముఖమే చూడలేదు. బయటి దేశాలవాళ్లు పిలిచి శాలువాలు కప్పినంత పనిచేశారు. సొంత ఊళ్లోవాళ్లు మాత్రం, మన ఇంటి మురికి నలుగురికీ చూపించి పేరు తెచ్చుకుంటోందని మెటికలు విరిచారు. ఆమె దగ్గర పని నేర్చుకున్న కుర్రాళ్లు సీరియళ్లు తీసి మేడలు కట్టుకున్నారు.

"మా అమ్మ బోధన్‌ల మీ తుర్కీ సీరియల్ చూడంది అన్నం తినది మేడం. మీరూ ఒకటి తియ్యరాదా?" అని పాషా ఒకసారి అడిగాడు.

ఆమె పగలబడి నవ్వింది. "నా సీరియల్లో అందరూ పొద్దున్నే లేచి పనికి పోతారు పాషా. మీ అమ్మ మొదటిరోజే టీవీ కట్టేస్తుంది."

ఈరోజు మాత్రం నవ్వు లేదు. కారు ఊళ్లోకి వచ్చాక అంది: "నా సినిమాలన్నీ చావుతోనే అయిపోయాయి. బతికున్నవాడి కష్టాన్ని చూసేవాళ్లు నమ్మరు పాషా. చస్తేనే నమ్ముతారు. ఈ సినిమాకు డబ్బు పెట్టినవాళ్లు కూడా ఆ పెట్టె సీను చదివే పెట్టారు. అది లేకపోతే ఇది సగం కట్టి వదిలేసిన గోడ. ఇంకో గోడ మొదలుపెట్టమని ఈ వయసులో నాకెవరు చెబుతారు?"

పాషా సిగ్నలు పడకముందే బ్రేకు వేశాడు.

లచ్చన్న ఉండే క్యాంపులో, ఈ చిక్కుకు ఉపాయం చెప్పినవాడు రాజనర్సు. ధర్మపురి దగ్గరివాడు, పెద్దవయసువాడు, క్యాంపులోనూ షూటింగులోనూ అతనిదే వంట. లచ్చన్నకు వరసకు మామ. తెల్లారి చాయ పోస్తూ సంగతంతా విని గరిటె కింద పెట్టాడు.

"ఓరి పిచ్చోడా! మన దిక్కు కాకి నెత్తిమీద తన్నితే ఏం జేస్తరు?"

"చుట్టాలకు సావు కబురు పంపుతరు."

"పంపినంక?"

"వాళ్లు ఏడుస్తరు. ఏడ్సినంక, ఉత్తుత్తిదే, గండం పోవాల్నని పంపినమని చెప్తరు."

"మరి గదే. పెట్టెల పండుడు కాకి తన్నుడు కంటె పెద్దదా? నీకోసం ఒక్కలు నిజంగ ఏడ్సిన్రంటే, సావు వచ్చిపోయినట్టే లెక్క. మల్లొక్కసారి రాదు. మీ చెల్లె స్వర్ణకు కబురు పెడ్త. దానికి కండ్లల్ల నీళ్లు రెప్పల మీదనే ఉంటయి. పావుగంట ఏడ్వనిచ్చి, అసలు సంగతి చెప్త."

లచ్చన్న చాయలోకి ఊదుతూ ఆలోచించాడు. ఆ అమ్మను చూస్తే అతనికీ పాపం అనిపిస్తూనే ఉంది. ఎండలో తనతోపాటు నిలబడే మనిషి. అతను తాగాకే తాను నీళ్లు తాగేది.

"ముత్తెమ్మకు మాత్రం తెల్వద్దు మామ," అన్నాడు.

"ఆమెకెందుకు తెలుస్తది? నీ పెండ్లాం ఒక ఊళ్లె, నీ చెల్లె ఇంకో ఊళ్లె."

అలా లచ్చన్న ఒప్పుకున్నాడు. మధ్యాహ్నం అతను కొత్త తెల్లగుడ్డ కప్పుకుని పెట్టెలోకి కాలు పెడుతుండగా, రాజనర్సు వంటింటి చాటుకు పోయి ఫోనులో వాయిస్ మెసేజీ పెట్టాడు. "బిడ్డా స్వర్ణా, మీ అన్న లచ్చన్న పోయిండు బిడ్డా... పనిమీదనే గుండె ఆగింది..." మాట వణికింది. నటనలో లచ్చన్నకంటే అతనే మేలు. పంపేసి, పావుగంట అయ్యాక నిజం చెబుదామని వాకిట్లోకి వచ్చాడు.

మెలాహత్‌కు ఒక పట్టింపు ఉంది. షాట్ మొదలయ్యేముందు అక్కడున్న ప్రతివాడి ఫోనూ కట్టేయించి ప్లాస్టిక్ బకెట్లో వేయిస్తుంది. ఆ బకెట్ మీద మూత పెట్టి తన కుర్చీ కింద పెట్టుకుంటుంది. ఇన్ని రోజులుగా చూస్తున్న పద్ధతే అయినా, చావు గోలలో అది అటు లచ్చన్నకూ గుర్తు రాలేదు, ఇటు రాజనర్సుకూ గుర్తు రాలేదు. సౌండు కుర్రాడు చెయ్యి చాచాడు. రాజనర్సు ఫోను బకెట్లో పడింది.

"అయ్యో, ఒక్క నిమిషం..." అన్నాడు రాజనర్సు.

"ఖలాస్, ఖలాస్," అన్నాడా కుర్రాడు మూత నొక్కుతూ.

షాట్ ఒకపట్టాన కుదరలేదు. లచ్చన్న కళ్లు మూసుకున్నాడు గానీ రెప్పలు చీమలు కుట్టినట్టు అదురుతున్నాయి. మెలాహత్ తెలుగు ఒక్క ముక్క రాకపోయినా, మనవాళ్లు మాట్లాడుతుంటే కళ్లు మూసుకుని వినేది. గొంతులో మాట తేడాగా పలికితే "యాలన్" అనేది. వాళ్ల భాషలో అబద్ధం అని. ఈరోజు మాటలే లేవు. అయినా ప్రతిసారీ లచ్చన్న ముఖం చూసి "యాలన్" అంది. మళ్లీ మొదలు. రేకుల నీడ జరిగితే పెట్టె జరిపారు. రాజనర్సు గడప దగ్గర కూర్చుని, కాలు కాలిన పిల్లిలా లేస్తూ కూలబడుతూ ఉన్నాడు.

చివరికి చాయ తాగుదామని ఆమె ఆపింది. బకెట్ మూత తీశారు.

ఫోన్లు తెరిచీ తెరవగానే కందిరీగల తుట్టె కదిలినట్టయింది. రాజనర్సుది మోగుతోంది, పాషాది మోగుతోంది, లచ్చన్నది మోగుతోంది. ఎవరెవరో కుర్రవాళ్లవి కూడా. పాషా తన ఫోనులో ఎవరో పంపింది చూసి, "యా అల్లా," అన్నాడు. స్వర్ణ మొగుడు తన ఊరి వాట్సాప్ గ్రూపులో లచ్చన్న బొమ్మ పెట్టాడు. ఎవరి పెళ్లిలోనో నల్లకళ్లద్దాలు పెట్టుకుని దిగిన బొమ్మ. దానికి రెండువైపులా దీపాలు. అక్కడినుంచి అది లచ్చన్న ఊరి గ్రూపులోకి పాకింది. సర్పంచు సంతాపం తెలిపాడు. ఓట్లకు తిరిగే కుర్రనాయకుడొకడు, శవాన్ని తెప్పించే పూచీ తనదని రాసి, ఫ్లెక్సీకి మంచి ఫోటో ఉంటే పంపమన్నాడు.

పాత రోజుల్లో చావుకబురు నడిచి పోయేది, నిజం దాని వెనకే నడిచి పోయేది. రెండూ ఒకే వాగు దగ్గర కలుసుకునేవి. ఇప్పుడు చావుకబురుకు రెక్కలొచ్చాయన్న సంగతి రాజనర్సుకు తట్టలేదు.

లచ్చన్న గుడ్డ విదిలించి పెట్టెలోంచి దూకాడు. తన ఫోను తీసి ఇంటికి కొట్టాడు. పాషా ఆ ఫోను అందుకుని, స్పీకరు నొక్కి ఇసుకలో పెట్టాడు.

ఎవరో ఎత్తారు. వెనక ఆడవాళ్ల ఏడుపులు, కుక్కల అరుపులు.

"ముత్తెమ్మా! నేనే. బతికే ఉన్ననే. ఉత్తుత్తిదే. సిన్మకు పెట్టెల పండాల్నంటే, గండం పోతదని రాజనర్సు మామ..."

అవతల ఏడుపులు ఒక్కొక్కటే తగ్గాయి. తర్వాత ముత్తెమ్మ గొంతు వచ్చింది, నీళ్లు ఇంకిన బావిలోంచి వచ్చినట్టు.

"ఎవలు?"

"నేనే, లచ్చన్నను."

"నిజంగ నువ్వేనా? గొంతు మార్చి మాట్లాడుతలేరు గద ఎవలన్న?"

"నేనేనే తల్లీ. మన బర్రె కొమ్ము ఇరిగింది నేను కొట్టంగనే గదా. నిరుడు నువ్వు దాసిన ఎండు శాపలు పిల్లి తిన్నదన్న గని, తిన్నది నేనే."

అప్పుడు తెగింది కట్ట.

"ఓ నీ నోట్ల మన్నువడ! నిన్ను పాము కర్వ! ఇగో, నేను బీడీలు చుట్టుకుంట కూసున్న. సర్పంచు వచ్చి చెప్పిండు. వాడ వాడంత వచ్చి నెత్తి మొత్తుకుంటున్నరు. నేను బీడీలు చుట్టుకుంటనే ఉన్న. చాట గుంజుకున్నరు. ఉత్త చేతులతోనే చుట్టుకుంట కూసున్న. ఒక్క సుక్క ఏడ్వలే. ఎందుకేడ్వలేనో తెలుసా రా నీకు? నేను ఏడిస్తే నిజమైతదని! నేనొక్కదాన్ని ఏడ్వకుంటే నువ్వు సావవని! అందరు నన్ను బండరాయి అన్నరు..."

అని, ఏడ్చింది. తిడుతూ ఏడ్చింది. వరసలు కట్టి, రాగం తీసి, లచ్చన్నను, లచ్చన్నను కన్నవాళ్లను, దుబాయిని, రాజనర్సు బట్టతలను పేరుపేరునా తలచుకుని ఏడ్చింది. లచ్చన్న ఇసుకలో గొంతుక్కూర్చుని "అవునే... తప్పేనే..." అంటూ ముఖం తుడుచుకుంటున్నాడు.

మెలాహత్ చాయ గ్లాసు పట్టుకుని, అలవాటు కొద్దీ కళ్లు మూసుకుని విన్నది. ఒక్కసారి కూడా "యాలన్" అనలేదు. ఏడుపు కొంచెం సద్దుమణిగాక పాషాను పక్కకు పిలిచింది. "మొత్తం చెప్పు. ఏదీ దాచకు."

పాషా చెప్పాడు. కాకి సంగతి, స్వర్ణ సంగతి, బకెట్ సంగతి, బీడీల సంగతి. బీడీల దగ్గర అతని ఇంగ్లీషు చాలలేదు. రెండు చేతులతో గాలిలో ఆకు చుట్టి చూపించాడు. ఆమె ఆ చేతులకేసి చూస్తూ ఉండిపోయింది.

లచ్చన్న ముక్కు చీది లేచి వచ్చాడు. ముఖం ఇప్పుడు తేటపడింది. రాజనర్సు కూడా, స్వర్ణకు నిజం చెప్పేసి, జరిగిన దానికి సిగ్గుపడుతూనే, పని ఫలించిన వైద్యుడిలా నిలబడ్డాడు.

"అమ్మకు చెప్పు పాషా భాయ్," అన్నాడు లచ్చన్న. "చెల్లె ఏడ్సింది, పెండ్లామూ ఏడ్సింది. ఇగ నాకు ఏ భయం లేదు. పొద్దుమూకేదాక పండుమన్న పంట. రెప్ప గూడ కొట్ట. కావాలంటే మూత పెట్టుకొమ్మను."

పాషాకు ప్రాణం లేచివచ్చింది. "మేడం, రెడీ! ఎండ ఇంకా ఉంది. యల్లా, చేసేద్దాం."

మెలాహత్ పెట్టె దగ్గరికి పోయింది. లోపల పరిచిన గుడ్డ మీద లచ్చన్న తల ఒత్తిడికి పడ్డ గుంట ఉంది. దాన్ని అరచేత్తో సాపు చేసింది.

"వద్దు," అంది.

"మేడం?"

"నిన్న అతను వద్దన్నాడు. ఈరోజు నేను వద్దంటున్నాను. అతని భార్య ఏడుపు పట్టుకుని కూర్చుందే, అతను చావకూడదని. నేను ఇప్పుడు అతన్ని ఎట్లా చంపను?"

"ఇది సినిమా గదా మేడం. ఉత్తుత్తిదే గదా."

"వాళ్లు పంపిందీ ఉత్తుత్తిదే."

"మరి వాళ్లకేం చెప్తరు? పైసలు పెట్టినోళ్లకు? రేపటికి ఈ క్యాంపు మనది గాదు. గోడ సగమే ఉన్నది అన్నరు గదా మీరే."

ఆమె పెట్టె అంచు మీద కూర్చుంది. ఆ క్షణంలో ఆమె తన వయసుకంటే పెద్దగా కనిపించింది పాషాకు. నడుం పట్టేసిన మనిషిలా ఒక చెయ్యి వెనక పెట్టుకుంది. కెమెరా కుర్రాడు లెన్సు మీద మూత పెట్టాలా వద్దా అని చూస్తున్నాడు. రాజనర్సు పొయ్యి దగ్గరికి పోయి పొద్దున వండిన అన్నం గిన్నెలో పెట్టి లచ్చన్నకు తెచ్చిచ్చాడు. పొద్దుటినుంచి శవం ఏమీ తినలేదు మరి.

లచ్చన్న ముద్ద కలిపాడో లేదో, ఇసుకలో పడి ఉన్న ఫోనులోంచి ముత్తెమ్మ కేక వేసింది. ఎవరూ దాన్ని కట్టెయ్యలేదు.

"ఏమో చప్పుడైతుంది? తింటున్నవా? పీనుగ పెట్టెల కెల్లి లేసి, తానం చెయ్యకుంటనే అన్నం ముట్టినవా? నీకు బుద్ధి ఉన్నదా? ఆ ముసలోనికి లేదు సరే! లే! నెత్తిమీద నీళ్లు పోసుకో ముందుగాల. ఈడియో పెట్టుండ్రి, నా కండ్లతోని సూడాలె."

లచ్చన్న ముద్ద గిన్నెలో వదిలేసి లేచాడు. క్యాంపు పెరట్లో నీళ్ల ట్యాంకు ఉంది. దాని కింద కొళాయి దగ్గర చొక్కా విప్పి చతికిలబడ్డాడు. ట్యాంకులో నీళ్లు ఎండకు కాగి పొగలు కక్కుతున్నాయి. రాజనర్సు వీడియో పెట్టి, ఫోనును రెండు చేతులా ఎత్తి పట్టుకున్నాడు. తెర నిండా ముత్తెమ్మ ముఖం, ఆమె వెనక కిటికీలోంచి తొంగిచూసినట్టు ఇరుగమ్మలూ పొరుగమ్మలూ. ఇందాక ఏడ్చినవాళ్లే ఇప్పుడు కొంగులు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వుతున్నారు.

"అమ్మో, కాలుతున్నయే!" అని ఎగిరాడు లచ్చన్న మొదటి మగ్గుకే.

"కాలనీ. సచ్చినోనికి సురుకు తెలుస్తదా?"

మెలాహత్ పెట్టె మీదినుంచి లేచింది. కెమెరా కుర్రాడి భుజం మీద తట్టి, వేలితో కొళాయి వైపు చూపించింది. అతను పరిగెత్తుతూనే లెన్సు మూత జేబులో వేసుకున్నాడు. సౌండు కుర్రాడు మైకు కర్ర పొడుగు చేశాడు. ఈసారి బకెట్ సంగతి ఎవరూ ఎత్తలేదు. ఆమె తన బూట్లతోనే నీళ్ల బురదలోకి నడిచి, కెమెరా పక్కన మోకాలి మీద కూర్చుంది.

లచ్చన్న తల మీదినుంచి నీళ్లు సిమెంటు గచ్చు మీదికి, అక్కణ్నించి ఇసుకలోకి పోతున్నాయి. కెమెరా వచ్చిందని అతను గమనించినట్టే లేడు. కళ్లు గట్టిగా మూసుకుని, ముక్కు పట్టుకుని, మగ్గు మీద మగ్గు కుమ్మరించుకుంటున్నాడు.

"మేడం," అన్నాడు పాషా చెవిలో. "ఇది కథల లేదు గదా. వాళ్లు ఒప్పుకుంటరా?"

"ఒప్పుకోకపోవచ్చు," అంది ఆమె, చూపు తిప్పకుండానే. "నేను పోయి పోట్లాడతాను. అలవాటే."

ఫోనులో ముత్తెమ్మ మళ్లీ అరిచింది.

"ఏమంటోంది?" అంది మెలాహత్.

"చెవుల ఎనుకకు నీళ్లు పోలేదంట మేడం. ఇంకో మగ్గు పోసుకొమ్మంటున్నది."

"పోసుకోమను. తొందరేం లేదని చెప్పు."